తప్పు, ఒప్పు, ఒప్పుకోలు: కటువైన విమర్శ, పొరపాట్లు, మొద్దుబారిన మనసు గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

నాది పుస్తకాల ప్రూఫులు దిద్దే పని. ఇతరుల తప్పులు వెతకడమే వృత్తిగా ఉన్న మనిషి, తన తప్పు నలుగురిలో బయటపడిన రోజున ఎలా కుంగిపోతుందో నాకు స్వయంగా తెలుసు. ఆ రోజు తర్వాత కొన్ని నెలలపాటు నాకు ఏడుపు కూడా రాలేదు. అందులోంచి బయటపడే దారిలో ఒక సైకాలజిస్టు దగ్గర కూర్చుని నేర్చుకున్నవి, సొంతంగా చదివి తెలుసుకున్నవి ఇక్కడ రాస్తున్నాను. ఇలాంటి బాధలో ఉన్నవారితో మాట్లాడినప్పుడల్లా ఎదురైన ప్రశ్నలే ఇవన్నీ. వైద్యం అవసరమైన సందర్భాలు కూడా ఉన్నాయి. అవి వచ్చిన చోట ఆ మాట విడిగా చెప్పాను.

పదిమంది మెచ్చుకున్నా గుర్తుండదు. ఒక్కరు కటువుగా మాట్లాడితే వారం రోజులు అదే చెవుల్లో మోగుతుంది. నేను మరీ సున్నితమా?

కాదు. మనిషి మనసు తయారైన తీరే అంత. రాయ్ బౌమైస్టర్ అనే మనస్తత్వవేత్త, ఆయన సహచరులు 2001లో అప్పటివరకు వచ్చిన పరిశోధనలను గుదిగుచ్చి చూశారు. అనుబంధాల్లో, నేర్చుకోవడంలో, తొలి పరిచయంలో, మన గురించి ఇతరులు చెప్పే అభిప్రాయాల్లో, ఎక్కడ చూసినా మంచికంటే చెడుకే తూకం ఎక్కువగా కనిపించింది. మంచిని ఒకసారి గమనించకపోతే పోయేది ఒక సంతోషం. ప్రమాదాన్ని గమనించకపోతే పోయేది ప్రాణం. తరతరాలుగా ఆ జాగ్రత్తే మనలో మిగిలింది.

ఇంకో సంగతి. 2003లో నయోమి ఐసెన్‌బర్గర్ బృందం కొందరిని మెదడు స్కానింగ్ యంత్రంలో ఉంచి కంప్యూటర్‌లో బంతి ఆట ఆడించింది. అవతల ఇద్దరు మనుషులు ఆడుతున్నారని వాళ్ళను నమ్మించారు. కాసేపటికి ఆ ఇద్దరూ వీళ్ళకు బంతి వేయడం మానేశారు. అంతే, అంత చిన్న ఉపేక్షకే, దెబ్బ తగిలినప్పుడు కలిగే బాధతో సంబంధమున్న మెదడు భాగంలో చలనం పెరిగింది. మాట గుండెల్లో గుచ్చుకుందని మనం ఊరికే అనడం లేదన్నమాట.

కాబట్టి ముందుగా ఒక పని మానుకోండి. "ఇంత చిన్నమాటకు ఇంత బాధా" అని మిమ్మల్ని మీరు కసురుకోకండి. తగిలిన దెబ్బ ఒకటి. తగిలినందుకు మిమ్మల్ని మీరు కొట్టుకునే దెబ్బ రెండోది. మొదటిది మీ చేతిలో లేదు. రెండోది పూర్తిగా మీ చేతిలో ఉంది.

తనను తాను అంగీకరించడం అంటే ఏమిటి? చేసిన తప్పును సమర్థించుకోవడమేగా?

అందరికంటే ఎక్కువమంది తడబడే చోటు ఇదే కాబట్టి ఇక్కడ కాస్త ఆగుతాను.

పాత పుస్తకాల చివర్లో తప్పొప్పుల పట్టిక ఉంటుంది. పుట, పంక్తి, తప్పు, ఒప్పు అని నాలుగు గడులు. 47వ పుట, 12వ పంక్తి, అచ్చయినది ఇది, ఉండవలసినది ఇది. ఎన్నో ఏళ్ళు అలాంటి పట్టికలు తయారుచేసి కూడా ఒక విషయం నాకు తట్టలేదు. వాటిలో ఐదో గడి ఉండదు. "ఈ తప్పు వదిలేసిన మనిషి ఎలాంటిది" అని రాయడానికి చోటే లేదు. ఆ గడి లేదు కనుకనే పట్టిక పనికొస్తుంది. పాఠకుడికి సరైన మాట అందుతుంది, పుస్తకం చేతిలో నిలుస్తుంది.

మనం మన తప్పులకు పట్టిక రాసుకునేటప్పుడు మొదటి నాలుగు గడులూ వదిలేసి ఐదోదే నింపుతాం. "నేను పనికిరాను", "నాకు బుద్ధి లేదు", "నన్ను నమ్మినవాళ్ళది తప్పు". ఏ పుటలో, ఏ పంక్తిలో, ఏం జరిగిందో మాత్రం రాయం. ఆల్బర్ట్ ఎల్లిస్ అనే మనోచికిత్సకుడు 1950లలో కొత్త చికిత్సాపద్ధతిని మొదలుపెట్టినవారిలో ఒకరు. ఆయన జీవితమంతా నొక్కి చెప్పింది దాదాపు ఇదే: చేసిన పనికి మార్కులు వేయవచ్చు, మనిషి మొత్తానికి మార్కులు వేయలేం. మనిషి అనేక వేల పనులు చేస్తాడు, మారుతూ ఉంటాడు. ఒక్క అంకె ఆ మొత్తాన్ని పట్టలేదు.

మన భాషలో "ఒప్పు" అంటే సరైనది. "ఒప్పుకోవడం" అంటే ఉన్నది ఉన్నట్టు అంగీకరించడం. తప్పును ఒప్పుకోవడం వేరు, తప్పును ఒప్పు అనడం వేరు. సమర్థించుకునే మనిషి "ఇందులో తప్పేముంది" అంటాడు. అంగీకరించే మనిషి "ఇది తప్పే, చేసింది నేనే, అయినా నేను ఇక్కడే ఉన్నాను, దిద్దుతాను" అంటాడు. రెండో మాట అనడానికే ఎక్కువ ధైర్యం కావాలి.

నన్ను నేను తిట్టుకోకపోతే సోమరినైపోతాను. ఆ భయమే నన్ను నడిపిస్తోంది.

నేనూ అలాగే నమ్మాను. కాని పరీక్షించి చూసినవారికి వేరేలా కనిపించింది. 2012లో జూలియానా బ్రైన్స్, సెరీనా చెన్ అనే పరిశోధకులు విద్యార్థులకు కఠినమైన పదజాల పరీక్ష పెట్టారు. చాలామంది సరిగా రాయలేకపోయారు. కొందరితో "ఇలాంటి పరీక్ష కష్టంగా ఉండడం మామూలే, మీ మీద మీరు మరీ కఠినంగా ఉండకండి" అన్నారు. ఇంకొందరితో వాళ్ళ తెలివిని పొగిడారు. మిగిలినవారికి ఏమీ చెప్పలేదు. తర్వాత రెండో పరీక్ష ఉందని చెప్పి, చదువుకోవడానికి కావలసినంత సమయం ఇచ్చారు. అందరికంటే ఎక్కువసేపు చదివింది మొదటి గుంపు, తమ మీద తాము దయ చూపమని విన్నవాళ్ళు.

కారణం ఊహించడం కష్టం కాదు. తప్పు పేజీని మళ్ళీ తెరవాలంటే ఆ పేజీ మనల్ని కాటేయదన్న ధీమా ఉండాలి. తెరిచిన ప్రతిసారీ తిట్లు పడతాయంటే ఎవరైనా మూసిపెట్టే ఉంచుతారు. మిమ్మల్ని మీరు తిట్టుకున్నంత మాత్రాన పని బాగుపడిందా, లేక వాయిదా పడిందా, మీ పాత అనుభవాలు మీరే చూసుకోండి.

విమర్శించినవాళ్ళు పరుషంగా మాట్లాడారు. అందులో నిజం ఉందో లేదో ఎలా తేల్చుకోవాలి?

విన్న వెంటనే తేల్చుకోవద్దు. ఒక రాత్రి గడవనివ్వండి. మర్నాడు వాళ్ళన్న మాటలను గుర్తున్నంతవరకు కాగితం మీద రాయండి. తర్వాత ఒక పెన్సిల్ తీసుకుని, సరిచూడడానికి వీలైన మాటల కింద మాత్రమే గీత గీయండి. "నివేదిక రెండు రోజులు ఆలస్యమైంది", దీన్ని సరిచూడవచ్చు. "నీకు బాధ్యత లేదు", దీన్ని సరిచూడలేం. "మూడో పేజీలో లెక్క తప్పింది", సరిచూడవచ్చు. "ఏ పనీ నీకు చేతకాదు", సరిచూడలేం.

గీత పడిన మాటలే విమర్శ. మిగిలినవి వాళ్ళ కోపం. గీత పడిన ఒక్క వాక్యం కూడా లేకపోతే, ఆ మాటల్లో మీరు నేర్చుకోవలసినది ఏమీ లేదు, ఆ మనిషి ఆ రోజు ఎంత ఉద్రేకంలో ఉన్నాడన్న సమాచారం తప్ప. అలాగే, మాట తీరు బాగాలేదని అందులోని నిజాన్ని తోసేయవద్దు. ఇది చేదుగా ఉంటుంది, నాకు తెలుసు. నన్ను అందరిలో చెడామడా తిట్టిన వ్యక్తి చెప్పిన ఐదారు మాటల్లో ఒకటి అక్షరాలా నిజం. మిగిలినవి అన్యాయమైనవి కావడం వల్ల ఆ ఒకటి అబద్ధం కాలేదు.

అక్కడికక్కడ ఏం చేయాలి? గొంతు పూడుకుపోతుంది, కళ్ళలో నీళ్ళు తిరుగుతాయి, జవాబు రాదు.

ఆ క్షణంలో తెలివైన జవాబు రాదు, రావాలని ఆశించకండి. శరీరం ప్రమాదం వచ్చిందనుకుని ఎదిరించడానికో పారిపోవడానికో సిద్ధమవుతోంది. రెండూ కుదరకపోతే బిగుసుకుపోతుంది. అప్పుడు చేయగలిగినవి రెండే. పాదాలు నేలను తాకుతున్న చోట ధ్యాస పెట్టి, పీల్చిన శ్వాసకంటే వదిలే శ్వాసను కాస్త పొడుగ్గా వదలండి. తర్వాత ముందే తయారుగా పెట్టుకున్న ఒక్క వాక్యం చెప్పండి: "మీరు చెప్పింది విన్నాను. చూసుకుని రేపు మాట్లాడతాను." ఈ వాక్యాన్ని ఇంట్లో ఒంటరిగా ఉన్నప్పుడు నాలుగుసార్లు పైకి అని చూడండి. నోరు అలవాటు పడితే గొంతు పూడుకున్నప్పుడు కూడా వస్తుంది.

కన్నీళ్ళు వస్తే రానివ్వండి. అందులో అవమానమేమీ లేదు.

తప్పు నిజంగానే నాది. దానివల్ల మరొకరికి నష్టం జరిగింది. నన్ను నేను ఎలా అంగీకరించను?

నా విషయం చెబుతాను. ఒక కుటుంబం తమ తల్లి జ్ఞాపకార్థం చిన్న పుస్తకం వేసుకుంది. ప్రూఫులు నేను చూశాను. లోపలి పేజీలన్నీ మూడుసార్లు చదివాను. అట్ట మీద ఆమె పేరులో ఒక దీర్ఘం ఎగిరిపోయింది. అట్టను ఒక్కసారి కూడా అక్షరం అక్షరం చూడలేదు, పెద్ద అక్షరాల్లో తప్పుండదన్న ధీమాతో. పుస్తకాల కట్ట విప్పినప్పుడు ఆమె కూతురు అట్ట మీద పేరును వేలితో తడుముతూ ఆ అక్షరం దగ్గర ఆగిపోయింది. ఒక్క మాట అనలేదు. తర్వాత ముద్రించినవారు నలుగురి ముందు నన్ను అన్న మాటలన్నీ కలిపినా ఆ వేలంత బరువు లేవు.

అప్పుడు నాలో రెండు కలగలిసిపోయాయి. వాటిని విడదీయడానికి చాలాకాలం పట్టింది. హెలెన్ బ్లాక్ లూయిస్ అనే మనోవిశ్లేషకురాలు 1971లో ఆ రెంటి మధ్య గీత గీసి చూపించారు. అపరాధభావం చేసిన పనిని చూస్తుంది: "నేను చేసింది తప్పు." సిగ్గు మనిషిని చూస్తుంది: "నేనే ఒక తప్పు." మొదటిది క్షమాపణ వైపు, దిద్దుబాటు వైపు నడిపిస్తుంది. రెండోది దాక్కోమంటుంది. నేను దాక్కున్నాను. ఆ కూతురికి ఫోను చేయడానికి పదకొండు రోజులు పట్టింది. ఆ పదకొండు రోజులూ నేను పశ్చాత్తాపపడుతున్నాననే అనుకున్నాను. నిజానికి ఆమె గురించి ఒక్కసారి కూడా ఆలోచించలేదు. ఆలోచనంతా నా గురించే, నేనెంత చెడ్డదాన్నో అన్నదాని గురించే.

క్షమాపణ అడిగేటప్పుడు మాట పొట్టిగా ఉండాలి. ఏం చేశారో పేరు పెట్టి చెప్పండి. దానివల్ల వాళ్ళకు ఏమైందో మీకు అర్థమైందని చెప్పండి. ఏం దిద్దగలరో చెప్పండి. "కాని", "నిజానికి" అన్న మాటలు వచ్చేలోపు ఆపండి. "నేను నిద్ర కూడా పోవడం లేదు" అనవద్దు. అలా అంటే మిమ్మల్ని ఓదార్చే పని కూడా వాళ్ళ నెత్తిన పడుతుంది. వాళ్ళు క్షమించకపోవచ్చు. అది వాళ్ళ హక్కు. మీ అంగీకారం వాళ్ళ క్షమ మీద ఆధారపడనక్కర్లేదు.

ఇప్పటికీ నేను అట్టను చివరి అక్షరం నుంచి మొదటి అక్షరానికి వెనక్కి చదువుతాను. అర్థం అడ్డుపడకుండా అక్షరం ఒక్కటే కనిపించాలని. ఆ అలవాటు నాకు ఐదో గడి నుంచి రాలేదు. "అట్టను విడిగా చూడలేదు" అని నాలుగు గడుల్లో రాసుకున్న రోజున వచ్చింది.

పనిచేసే చోట తప్పు చెప్పుకుంటే అలుసైపోనా?

అది ఆ చోటును బట్టి ఉంటుంది. తప్పు చెప్పినవాణ్ణే శిక్షించే చోట జాగ్రత్తపడడం సహజం. అయితే తప్పులు ప్రాణాంతకమయ్యే రంగాలే దీనికి వేరే దారి కనిపెట్టాయి. అమెరికాలో 1976 నుంచి విమానయాన సిబ్బంది తమ పొరపాట్లను తామే రాసి పంపే ఏర్పాటు ఉంది. దాన్ని నాసా నడుపుతుంది. పంపినవారి పేరు తీసేసి, జరిగినదాన్ని మాత్రమే మిగతావారికి పాఠంగా అందిస్తారు. నా పట్టికలో లేని ఐదో గడి అక్కడ కూడా లేదు. అలాగే ఎమీ ఎడ్మండ్‌సన్ అనే పరిశోధకురాలు 1990లలో ఆసుపత్రి బృందాలను గమనించినప్పుడు, బాగా కలిసి పనిచేసే బృందాల్లోనే మందుల పొరపాట్లు ఎక్కువ నమోదైనట్టు కనిపించింది. అక్కడివారు తప్పు గురించి నోరు విప్పగలగడమే దానికి కారణమని ఆమె వివరించారు.

మీ చోటు అలాంటిది కాకపోతే కనీసం నమ్మకమున్న ఒక్కరికి చెప్పండి. ఎవరికీ చెప్పని తప్పు లోపల పెరుగుతుంది. గోరంత కొండంతవుతుంది.

అందరూ నా తప్పునే గుర్తుపెట్టుకున్నారనిపిస్తుంది.

అంతమంది పెట్టుకోలేదు. 2000లో థామస్ గిలోవిచ్ బృందం కొందరు విద్యార్థులకు తొడుక్కోవడానికి సిగ్గుపడే బొమ్మ ఉన్న చొక్కా ఇచ్చి, నలుగురున్న గదిలోకి పంపింది. దాదాపు సగం మంది గమనించి ఉంటారని ఆ విద్యార్థులు అనుకున్నారు. నిజంగా గమనించినవారు సుమారు నాలుగో వంతే. ఎవరి చొక్కా గొడవలో వాళ్ళుంటారు.

రాత్రి పడుకోగానే పాత తప్పులన్నీ వరుసకట్టి వస్తాయి. ఎలా ఆపాలి?

ఆపాలని పట్టుబడితే మరింత ముసురుకుంటాయి. వాటికి పగలే వేళ కేటాయించండి. జేమ్స్ పెన్నెబేకర్ అనే మనస్తత్వవేత్త 1986లో ప్రచురించిన ప్రయోగంలో విద్యార్థులు వరుసగా నాలుగు రోజులు, రోజుకు 15 నిమిషాలు, తమను కలచివేసిన సంఘటన గురించి మనసు విప్పి రాశారు. రాసిన వెంటనే వాళ్ళకు బాధ పెరిగింది. తర్వాతి నెలల్లో మాత్రం, మామూలు విషయాలు రాసినవారితో పోలిస్తే, ఆరోగ్యకేంద్రానికి వెళ్ళవలసిన అవసరం తగ్గింది. ఈ రాత ఎవరికీ చూపనక్కర్లేదు. వ్యాకరణం చూడనక్కర్లేదు (ఈ మాట అనడం నా వృత్తికి ఎంత కష్టమో!). పడుకునే ముందు మాత్రం రాయకండి. పగలు రాసి మూసేయండి. గాయం మరీ పచ్చిగా ఉంటే, తలచుకుంటేనే ఒళ్ళు వణుకుతుంటే, ఒంటరిగా రాయవద్దు. చికిత్సకుల తోడుతో రాయండి.

నన్ను అందరికంటే ఎక్కువ తిట్టేది నేనే. ఆ గొంతును ఎలా నోరు మూయించాలి?

నోరు మూయించనక్కర్లేదు. ఎవరి గొంతో గుర్తుపట్టండి. ఒకసారి అది అనే మాటలను అక్షరాలా రాసి చూడండి. ఆ వాక్యాలు, ఆ ఊతపదాలు, ఆ విరుపు చిన్నప్పుడు ఎవరో పెద్దవాళ్ళవి కావచ్చు. నాకైతే "ఇంతేగా నువ్వు" అన్న మాట పాఠశాల రోజుల నుంచి వెంట వచ్చిందని తెలిసినప్పుడు దాని పట్టు సగం సడలింది.

రెండో పని: మీతో మీరు పేరుపెట్టి మాట్లాడుకోండి. ఈథన్ క్రాస్ బృందం 2014లో చూసినదాన్ని బట్టి, కంగారులో ఉన్నప్పుడు "నేను" అనకుండా తమ పేరుతో తమను పిలుచుకున్నవారు కాస్త ఎడంగా నిలబడి ఆలోచించగలిగారు. మీకు దగ్గరైన స్నేహితురాలు ఇదే తప్పు చేసి మీ ఎదుట కూర్చుంటే ఏమంటారో, ఆ మాటనే, ఆ స్వరంతోనే మీ పేరు పెట్టి మీకు చెప్పుకోండి. మొదట్లో కృతకంగా ఉంటుంది. అయినా చెప్పుకోండి.

అద్దం ముందు నిలబడి "నేను గొప్పదాన్ని, నన్ను నేను ప్రేమిస్తున్నాను" అని చెప్పుకోమంటారు. చెప్పుకుంటే ఇంకా వెగటుగా ఉంది.

అయితే మానేయండి. జోఆన్ వుడ్, సహచరులు 2009లో గమనించింది ఇదే. తమ మీద తమకు గౌరవం తక్కువగా ఉన్నవారు అలాంటి పొగడ్త వాక్యం వల్లెవేసినప్పుడు మునుపటికంటే దిగాలుపడ్డారు. మనసు నమ్మని మాట చెబితే అది వెంటనే ఎదురు సాక్ష్యాలు తెచ్చి పోస్తుంది. నిజమైన మాటలే చెప్పుకోండి. "ఈ రోజు నాకు కష్టంగా ఉంది." "తప్పు చేశాను, దిద్దే పని మొదలుపెట్టాను." ఇలాంటి మాటకు మనసు ఎదురు చెప్పలేదు. క్రిస్టిన్ నెఫ్ అనే మనస్తత్వవేత్త 2003 నుంచి వివరిస్తూ వచ్చిన ఆత్మకరుణలో మూడు పాళ్ళున్నాయి: తన మీద తనకు దయ, ఇలాంటి కష్టం మనుషులందరికీ ఉన్నదేనన్న ఎరుక, బాధను పెంచకుండా తుంచకుండా ఉన్నంతమేరకు చూడగలగడం. పొగడ్త ఇందులో ఎక్కడా లేదు.

ఇప్పుడు నాకు బాధ కూడా లేదు. సంతోషం లేదు, కోపం లేదు. తిట్టినా పట్టదు, పొగిడినా పట్టదు. ఇది ప్రశాంతతేనా?

ఈ ప్రశ్న అడిగారంటే అది ప్రశాంతత కాదని మీకు లోలోపల తెలిసినట్టే. ప్రశాంతంగా ఉన్న మనిషికి పాట వినిపిస్తుంది, గాలి తగులుతుంది, ఎదుటివారి ముఖం మారితే తెలుస్తుంది. మొద్దుబారిన మనసుకు అన్నీ అద్దం అవతల జరుగుతున్నట్టుంటాయి.

నాకు అది ఎలా తెలిసిందంటే, మా అక్క కూతురు తను వేసిన బొమ్మ తెచ్చి నా ముందు పెట్టింది. నన్నే వేసింది. చేతిలో ఎర్ర పెన్ను, కళ్ళజోడు, ముక్కు మాత్రం చెవిదాకా. ఇదివరకైతే ఎత్తుకుని తిప్పేదాన్ని. "బాగుంది" అన్నాను. ఏ అక్షరం ఎక్కడుండాలో చూసినట్టు బొమ్మను పై నుంచి కిందికి చూశాను. పిల్ల నా ముఖంలోకి కాసేపు చూసి, బొమ్మ తీసుకుని వెళ్ళిపోయింది. అప్పుడు కూడా నాకు బాధ కలగలేదు. బాధ కలగవలసిన చోట ఖాళీ ఉందని మాత్రం తెలిసింది.

ఇది మీలోని చెడ్డతనం కాదు, రాతిగుండె కాదు. భరించలేనంత బాధ చాలాకాలం ఆగకుండా వస్తే మనసు తలుపు వేసుకుంటుంది. కష్టమేమిటంటే ఆ తలుపు బాధకొకటి, సంతోషానికొకటి అని విడివిడిగా ఉండదు. వేస్తే రెంటికీ పడుతుంది. దీర్ఘకాలపు ఒత్తిడిలో, కుంగుబాటులో, తీవ్రమైన భయానుభవం తర్వాత ఇది కనిపిస్తుంది. కొందరికి మొదటినుంచే తమ భావాలకు పేరు పెట్టడం కష్టంగా ఉంటుంది. దాన్ని 1970ల మొదట్లో పీటర్ సిఫ్నియోస్ అనే మానసిక వైద్యుడు విడిగా గుర్తించి అలెక్సిథైమియా అని పేరు పెట్టారు. అది వేరే విషయం. మీకు ఇదివరకు అన్నీ తెలిసి, ఇప్పుడు తెలియకపోతే, ఎక్కడో తలుపు పడిందని అర్థం.

మరి ఆ తలుపు ఎలా తెరవాలి?

బద్దలుకొట్టి కాదు. ఏడుపు రావాలని బాధాకరమైన దృశ్యాలు చూడడం, ఏదో ఒకటి తెలియాలని ఒళ్ళు గాయపరచుకోవడం, తాగడం, ఇవన్నీ తలుపును ఇంకా గట్టిగా బిగిస్తాయి.

ముందు తలుపు వేసుకున్న మనసును అంగీకరించండి. "నాకు ఇప్పుడు ఏమీ అనిపించడం లేదు" అన్నది కూడా ఒక నిజమైన స్థితి. దానితో మొదలుపెట్టండి. తర్వాత శరీరం దగ్గరకు వెళ్ళండి, ఎందుకంటే భావాలు ముందుగా తిరిగొచ్చేది అక్కడికే. నీళ్ళు చల్లగా ఉన్నాయా, గోరువెచ్చగా ఉన్నాయా? భుజాలు బిగుసుకున్నాయా? దవడ? రోజులో మూడుసార్లు, అర నిమిషం చాలు. నడక మంచిది. నమ్మకమున్న మనిషి పక్కన ఊరికే కూర్చోవడం ఇంకా మంచిది, మాట్లాడకపోయినా సరే.

ఏదైనా చిన్న భావం తలెత్తితే దానికి పేరు పెట్టండి. "బాగాలేదు" అన్న మాట అన్నింటినీ మింగేస్తుంది. చిరాకా, అలసటా, చిన్నబుచ్చుకోవడమా, దిగులా, బెంగా, ఉక్రోషమా? తెలుగులో ఈ మాటలకు కొదవలేదు, వాడుకోండి. 2007లో మాథ్యూ లీబర్మన్ బృందం చేసిన ప్రయోగంలో, కోపం, భయం నిండిన ముఖాలను చూపించి ఆ భావానికి పేరు పెట్టించినప్పుడు, ప్రమాద సంకేతాలిచ్చే మెదడు భాగం నెమ్మదించింది.

ఒక హెచ్చరిక. కాలికి తిమ్మిరెక్కినప్పుడు మీకు నొప్పి తెలియదు. తిమ్మిరి వదిలేటప్పుడే సూదులు గుచ్చినట్టుంటుంది. మనసుకూ అంతే. చలనం తిరిగొచ్చేటప్పుడు ముందుగా వచ్చేది సంతోషం కాకపోవచ్చు. అప్పుడు "మళ్ళీ దిగజారాను" అని భయపడి తలుపు వేసేయకండి.

మందులు వాడుతున్నప్పటి నుంచి ఇలా ఉంది. మానేయనా?

మీ అంతట మీరు మానేయవద్దు. కుంగుబాటుకు వాడే కొన్ని మందులతో కొందరికి భావాలు మందగించడం నిజమే, వైద్యులకు తెలిసిన విషయమే. మోతాదు మార్చడమో, మందు మార్చడమో వాళ్ళు చేయగలరు. హఠాత్తుగా ఆపితే శరీరం ఇబ్బందిపడుతుంది, జబ్బు తిరగబెట్టవచ్చు. "ఏమీ అనిపించడం లేదు" అని ఉన్నదున్నట్టు వాళ్ళకు చెప్పండి.

ఎప్పుడు తప్పనిసరిగా సాయం తీసుకోవాలి?

రెండు వారాలకు మించి దాదాపు ప్రతిరోజూ దిగులుగా ఉన్నా, దేనిమీదా ఆసక్తి లేకపోయినా, నిద్ర, ఆకలి, పని చెదిరిపోయినా మానసిక వైద్యులను గాని సైకాలజిస్టును గాని కలవండి. చనిపోవాలన్న ఆలోచన వచ్చినా, మిమ్మల్ని మీరు గాయపరచుకోవాలనిపించినా రెండు వారాలు చూడకండి. ఈ రోజే మీ దగ్గరివారికి చెప్పండి, అత్యవసర వైద్యానికి వెళ్ళండి, లేదా మీరున్న చోట అందుబాటులో ఉన్న సహాయ ఫోను సేవకు మాట్లాడండి. "నేను లేకపోతే అందరికీ హాయి" అన్న ఆలోచన నిజంలా కనిపిస్తుంది. అది జబ్బు చెప్పే మాట.

ఇంట్లోవాళ్ళే రోజూ హీనంగా మాట్లాడితే? అదీ అంగీకరించాలా?

లేదు. మిమ్మల్ని మీరు అంగీకరించడమంటే ఎవరేమన్నా పడి ఉండడం కాదు. నిజానికి తనను తాను అంగీకరించిన మనిషికే "ఈ మాట నాతో అనవద్దు" అనే బలం వస్తుంది. ఏ మాట గాయపరుస్తుందో ప్రశాంతంగా ఉన్న వేళ చెప్పండి. మళ్ళీ అంటే గదిలోంచి లేచి వెళ్తానని చెప్పండి. అన్నప్పుడు లేచి వెళ్ళండి, వాదించకుండా. భయపెట్టడం, కొట్టడం, డబ్బునూ కదలికలనూ కట్టడి చేయడం కూడా ఉంటే ఇది మాటలతో తేలే వ్యవహారం కాదు. అక్కడ మీ భద్రతే ముందు. బయటివారి సాయం తీసుకోండి. అలాంటి చోట మనసు మొద్దుబారడం చాలామందికి బతికి ఉండే ఉపాయం. ఇల్లు మారకుండా మనసును మారమనడం అన్యాయం.

ఎంతకాలం పడుతుంది?

లెక్క చెప్పలేను. ఒకరోజు తెల్లవారి లేచేసరికి బాగైపోవడం నేను ఎవరిలోనూ చూడలేదు. ఆ ఆశ పెట్టుకోకండి.

నాకు మొదట తిరిగొచ్చింది చిరాకు. ఒక మధ్యాహ్నం ప్రూఫులు చూస్తుంటే కుళాయి కారుతున్న చప్పుడు వినిపించింది. అది నెలల తరబడి కారుతూనే ఉందట. ఆ రోజు మాత్రం ఒళ్ళు మండిపోయింది. లేచి వెళ్ళి బిగించాను, అది ఆగలేదు, ఇంకా కోపం వచ్చింది. కుళాయి పట్టుకుని నిలబడి, "నాకు చిరాకు వస్తోంది" అని పైకి అనుకున్నాను. ఆ తర్వాతే, చాలా రోజుల తర్వాత, ఏడ్చాను. ఇంకా చాలా రోజులకు ఆ బొమ్మ ఏమైందని మా అక్క కూతురిని అడిగాను. పుస్తకాల అడుగున ఎక్కడో ఉందని వెతికి తెచ్చింది. ముక్కు నిజంగానే చెవిదాకా ఉంది.